సంగటికి సభామర్యాద

చిత్తూరు సీమలో పుట్టి పెరిగినవారికి రాగి సంగటి ఎట్టిదో వివరించి చెప్పవలసిన పని లేదు; అయినను ఆ ముద్ద ఇప్పుడు పల్లె పొయ్యిని విడిచి, తిరుపతి పట్టణమందలి పెద్ద హోటళ్ళలో తెల్లని పింగాణి పళ్ళెముల మీద, కొలిచి దిద్దిన ఆకృతితో, నాటుకోడి పులుసు సరసన వెలయుచున్నదని విన్నప్పుడు సంతసింపవలెనో ఖేదపడవలెనో తెలియక సతమతమగువారు మాలో పెక్కుమంది కలరు. ఈ విషయమై మా బంధువులలో ఇరువురు ఒక సాయంకాలము జరిపిన వాదమును నేను ప్రక్కనే కూర్చుండి వింటిని. వారిలో పెద్దవారు పీలేరు ప్రాంతమున ఉన్నత పాఠశాలలో తెలుగు పండితులుగా పనిచేసి విశ్రాంతి గైకొన్నవారు. చిన్నవాడు వారి మేనల్లుడు, హోటలు విద్య నభ్యసించి తిరుపతిలో ఒక నక్షత్రాల హోటలు వంటశాలకు పెద్దగా నున్నవాడు. అల్లుడు తన హోటలు భోజనపట్టికలో క్రొత్తగా చేర్చదలచిన వంటకమును మామగారికి రుచి చూపించుటతో వాదము మొదలైనది. ఉసిరికాయంత సంగటి ముద్దలు మూడు, వాని చుట్టును కుంకుమపువ్వు కలిపిన నేయి, పైన వెండిరేకు, గంటల తరబడి మరిగించి, వడగట్టి, చిక్కబరచిన నాటుకోడి పులుసు, చెనిక్కాయల ఊరుబిండిని జల్లెడ పట్టి తీసిన నున్నని లేపము. వెల తొమ్మిది వందల రూపాయలు.

మామ: నాయనా, నీ చేతి నేర్పును నేను తక్కువ చేసి మాటాడను. ఆ పులుసు రుచి చూచితిని. నాలుక మీద చాలసేపు నిలిచినది. నా అభ్యంతరమెల్ల సంగటిని గూర్చియే. సంగటికి వేడి ప్రాణము. పొయ్యి దిగినది దిగినట్లు తడిచేతితో ముద్ద చేసి, కంచములో పెట్టి, నడుమ గుంట చేసి నేయి పోసి, అంచునుండి వ్రేళ్ళతో తుంచి పులుసులో అద్ది, నమలకుండ మ్రింగవలెను. ముద్ద పెద్దది గనుక పైన ఆరినను లోపల పొగలు గ్రక్కుచునే యుండును. తుంచిన కొలదిని వేడి బయలుపడుచుండును. నీవు దానిని ఉసిరికాయంత చేసినావు. వంటశాల దాటి అతిథి ముందుకు వచ్చు లోపలనే అది పైపొర గట్టిపడి పంటికి అడ్డము వచ్చును. అప్పుడు అతిథి దానిని నమలును. సంగటిని నమిలి తిన్నవానికి దాని రుచి ఎట్లు తెలియును?

అల్లుడు: పళ్ళెమును కాచి ఉంచవచ్చును, ముద్దను పెద్దది చేయవచ్చును, ఇవి దిద్దుకొనదగిన లోపములు, మామా. మీ మనస్సులోని మాట వేరు. పల్లెకూడు పల్లెలోనే యుండవలెనని మీ కోరిక. అట్లుంచినచో అది మిగులునా? 1983లో రామారావుగారి ప్రభుత్వము కిలో బియ్యము రెండు రూపాయలకు ఇచ్చుట ఆరంభించిన నాటినుండి మన ఇండ్లలో సంగటి కుండ క్రమక్రమముగా అటుకెక్కినది. రాగి విత్తిన చేలలో చెనిక్కాయలు వచ్చినవి, నీళ్ళున్నచోట టమాటాలు వచ్చినవి, లేనిచోట మామిడి మొక్కలు నాటిరి. రెండు పూటల సంగటి తిని పెరిగిన తరము మీతో సరి. మీ మనుమలకు సంగటి కావలెనన్నచో ఆదివారమునాడు హోటలుకు పోవుచున్నారు. హైదరాబాదు నగరవాసులకు ఆ ముద్దను ఎరుకపరచినవి రాయలసీమ వంటల పేర వెలసిన భోజనశాలలే గాని మన పల్లెలు కావు. ఐక్యరాజ్యసమితి 2023వ సంవత్సరమును చిరుధాన్యముల సంవత్సరముగా ప్రకటించినది. ఆ యేడు సెప్టెంబరు 9న ఢిల్లీలో జి20 దేశాధినేతలకు మన రాష్ట్రపతి ఇచ్చిన విందులో కొర్రలు, సామలు, ఊదలు వడ్డనకు వచ్చినవి. కొర్రలకు దొరికిన పీట రాగికేల దొరకరాదు?

మామ: పీట వేయుము, కాదనను. ఆ వెండిరేకు ఎందులకో చెప్పుము. దానికి రుచి లేదు, వాసన లేదు, కడుపులో పడి చేయు మేలును లేదు. మా చిన్ననాట బడికి సద్దిమూట తెచ్చుకొన్న పిల్లలలో వరియన్నము తెచ్చువారు నడుమ కూర్చుండెడివారు. సంగటి తెచ్చుకొన్న మేము మూట విప్పుటకు వెనుదీసి, చింతచెట్టు చాటునకు పోయి తినెడివారము. నల్లని ముద్ద ఎవరి కంట బడునో యని మాకు సిగ్గు. నాయనా, ఆ సిగ్గే ఇన్నేండ్లకు వెండిరేకు కప్పుకొని నీ పళ్ళెములోనికి వచ్చినది. రాగి రంగు రాగిదిగా అతిథి ముందు నిలువలేదని నీకును లోలోపల అనుమానమున్నది. లేనిచో ఆ ముసుగెందుకు వేయుదువు?

ఈ మాట విన్నప్పుడు నాకు ఒడలు జలదరించినది. మా బడియందును అట్టి చింతచెట్టు కలదు. హోటళ్ళవారు చేయు ఆడంబరమును దురాశ యని తీసివేయువారే గాని, దాని అడుగున మన తరతరముల న్యూనతాభావము అణగియున్నదని పలికినవారిని నేను అంతకు మున్ను విని యుండలేదు. అయితే అల్లుడును ఊరకుండువాడు కాడు.

అల్లుడు: సిగ్గు మాట మీరే ఎత్తితిరి గనుక దాని మూలము కూడ చెప్పుకొందము. మన పెద్దలు సంగటిని కోరి తినలేదు, మామా. పండుగనాడు, చుట్టము వచ్చిననాడు వరియన్నము. తక్కిన దినములలో సంగటి. 1876 మొదలు 78 వరకు దక్షిణాపథమును దహించిన కరవులో మన చిత్తూరును తిరుపతియు అప్పటి ఉత్తర ఆర్కాడు జిల్లాలో నుండెను. ఆ కాలమున కరవు పనికి పోయిన మగకూలికి దొరతనమువారి ప్రతినిధి సర్ రిచర్డ్ టెంపుల్ నిర్ణయించిన దినభత్యము ఒక పౌను ధాన్యము, పైన ఒక అణా. అనగా ఒళ్ళు విరుచుకొని మన్ను మోసినవానికి అరకిలో గింజలైనను లేవు. రాగులు పాతరలో ఏండ్ల తరబడి పురుగు పట్టక నిలుచునవి గనుక మన సీమవారు వానిని నమ్ముకొనిరి. ఉత్తర ఇటలీ రైతులు పొలెంటా అను మొక్కజొన్న సంకటి తప్ప వేరెరుగక, పందొమ్మిదవ శతాబ్దమున పెల్లాగ్రా వ్యాధి వాతబడి వేలకు వేలు నశించిరి. నేడు అదే పొలెంటా వెలగల భోజనశాలలలో వెన్నతోను పుట్టగొడుగులతోను వడ్డింపబడుచున్నది. ఆకలి తరిమి తినిపించిన కూడు నేడు మనిషి ఇష్టపడి కోరుకొను కూడు అయినచో, అది ఆ పెద్దలకు అవమానమా, ఊరటయా?

మామ: ఇది కాదనలేని మాట. మా ఇంట సంగటిలో నూకల పాలు చూచి ఆ యేటి వాన చెప్పవచ్చును. వానలు కురిసిన యేడు నూకలు ఎక్కువ పడి ముద్ద మెత్తగా నుండెడిది. కురియని యేడు నూకలు పలుచబడి ముద్ద నల్లబడెడిది. మరీ పాడు యేడు ముద్దయే లేదు, అంబలి. ఆ లెక్క మా అమ్మకు తప్ప మాకు తెలియదు. కాని ఆకలి యున్నదని చెప్పి ఆమె పనితనమును మరుగున పడవేయకుము. ఆమె చేయు విధము చెప్పెదను, వినుము. నూకలు మెత్తగా ఉడికి ఎసరు కుతకుతలాడుచుండగా రాగిపిండిని నడుమ కుప్పగా పోసి, వెంటనే కలుపక, కట్టెతో ఒక రంధ్రము పొడిచి, మూత వేసి, పొయ్యిలో కట్టెలు వెనుకకు లాగి, సెగ తగ్గించెడిది. ఆ రంధ్రముగుండ ఆవిరి పైకెగయుచు పిండిని లోపలినుండి ఉడికించును; ఆ పిండి పచ్చివాసన పోయి కమ్మని వాసన వాకిటికి వచ్చువరకు మూత తీయదు. అటుపిమ్మట కుండ దించి, కుదురు మీద నిలిపి, రెండు పాదముల నడుమ కదలకుండ అదిమిపట్టి, సంగటికట్టె రెండుచేతుల బిగించి గెలికెడిది. ఒక్క ఉండ మిగులరాదు. చెమట కనుబొమ్మలనుండి జారుచుండగా భుజముతో తుడుచుకొనుచు, మా అందరికి ముద్దలు చేసి పెట్టి, తాను కుండ అంచులకు అంటిన మాడును గీకి మజ్జిగలో పిసికి త్రాగెడిది. ఈ పనిలో తగ్గించుటకు గాని పెంచుటకు గాని ఏమున్నది? నీ వంటశాలలో పిండి కలుపుట ఎట్లో చెప్పుము.

అల్లుడు: యంత్రముతో చిలుకుదుము. ముందుగా చేసి పెట్టి, అతిథి అడిగినప్పుడు ఆవిరి పెట్టెలో వేడి చేయుదుము.

మామ: అదిగో, అసలు లోపము వెండిరేకు కంటె అక్కడనే యున్నది.

అల్లుడు: ఒప్పుకొంటిని, మామా. అయితే ఒక సంగతి మీరును ఒప్పుకొనవలెను. పేదకూడును తన నేర్పుతో ప్రపంచము ముందు నిలిపినవాడు ఒకడు కలడు. జోయెల్ రోబుషోన్ అను ఫ్రెంచి వంటవాడు 1981లో పారిస్ నగరమున జామిన్ అను భోజనశాల నడుపనారంభించెను. ఆ దేశమున ప్రతి తల్లియు పసిపిల్లకు పెట్టు ఉడికించిన బంగాళాదుంపల ముద్దయే అతనికి లోకఖ్యాతి తెచ్చినది. కోటీశ్వరులు ఆ ముద్ద కొరకు సముద్రములు దాటి వచ్చిరి. ఆనాడు ఫ్రాన్సులో అమ్మ చేతి ముద్దకు వెల కట్టినాడని అతనిని ఎవరైనను నిందించిరా?

మామ: అందులో అతడు ఏమి కలిపెను?

అల్లుడు: దుంపలు, వెన్న, పాలు, ఉప్పు. రాట్ అను ఒక జాతి చిన్న దుంపలనే ఏరి తెచ్చి, తొక్కతోనే ఉడికించి, వేడి మీద ఒలిచి, మరలో నలిపి, నిప్పు మీద తేమ ఆరగొట్టి, చల్లని వెన్న కొంచెము కొంచెముగా వేయుచు కట్టెగరిటెతో చేయి నొచ్చునట్లు కలిపి, మరల సన్నని జల్లెడలో దించును.

మామ: కుంకుమపువ్వు లేదు, వెండిరేకు లేదు. గింజను ఏరుకొనుటయందు, ఉడికించుటయందు, చేయి నొచ్చునట్లు కలుపుటయందు అతడు తన ఐశ్వర్యమంతయు చూపించినాడు. నీవు చెప్పినది మా అమ్మ కథయే గదా! ఆమెకు లేనిది వెన్న యొక్కటే. నేయి వలసినంత పోయుము, నేను సంతోషింతును. సంగటి గుంటలో నేయి నిండుగా పోసికొనవలెనని మేమందరము కలలు కన్నవారమే. గింజ మంచిది తెమ్ము. మన తిరుపతి ప్రక్కనే పెరుమాళ్ళపల్లె పరిశోధనా స్థానమువారు వకుళ అను రాగి వంగడమును రైతులకిచ్చిరి. ఏ గింజ ఏ నేలలో పండినది ముద్దకు ఎట్లు పనికివచ్చునో నీవు రుచి చూచి తేల్చినావా? వడ్లలో చిట్టిముత్యాలని, సోనామసూరి యని ఇన్ని భేదములెరిగిన మనము రాగుల నన్నింటిని ఒక్క గోతములో పోసి రాగులే గదా యందుము. నీ విద్యకు తగిన పని అది.

అల్లుడు: ఇది నాకు తోచలేదు. చేయుదును. కాని భోజనశాలకు వచ్చువాడు కన్నులతో తినుట మొదలుపెట్టును, మామా. అలంకారము సర్వమును దోషము కాదు. మన కొండ మీది లడ్డును చూడుడు. నేయి, జీడిపప్పు, యాలకులు, కలకండ, ఎండుద్రాక్ష నిండిన ఆ ప్రసాదమునకు 2009లో భౌగోళిక గుర్తింపు వచ్చినది. అది శెనగపిండియే గదా యని స్వామి కాదనలేదు.

మామ: లడ్డు సంగతి చెప్పితివి, అదే గర్భాలయపు కులశేఖరపడి దాటి లోనికి పోవు నైవేద్యము సంగతి కూడ చెప్పుము. లడ్డులు, పులిహోర, చక్కెరపొంగలి అన్నియు పడికి ఇవతలనే నిలిచిపోవును. సగము పగిలిన క్రొత్త మట్టికుండ ఓటిలో పెట్టిన మీగడ దద్దోజనము మాత్రము ఆ గడప దాటునని సంప్రదాయము. తొండమాన్ చక్రవర్తి బంగారు పూవులతో పూజింప, కురువనంబి యను కుమ్మరి తన పని చేసికొనుచు విసిరిన మట్టిపూవులే స్వామి పాదముల చెంత నిలిచినవని ఐతిహ్యము. వజ్రకిరీటము ధరించిన స్వామి ఆ ఓటిని వెండిగిన్నెగా మార్చుమని అడుగలేదు. ఇక కొండ క్రింద, మన తాతయ్యగుంట గంగమ్మకు మే నెల ఎండలలో జాతర జరుగునపుడు వీధివీధిని పోయునది రాగి అంబలి. అమ్మవారి ఉగ్రము దానితో చల్లారునని నమ్మిక. ఆ అంబలిలో కుంకుమపువ్వు వేయవలెనని ఏ ధనికుడును తలచలేదు.

అల్లుడు: ఒకే కొండమీద లడ్డును ఓటికుండయు ఇమిడినవన్నచో నా పళ్ళెమునకును చోటుండవలెను గదా! మీరు బడిలో కన్నడకవి కనకదాసుగారి రామధాన్య చరిత్రె కథ చెప్పెడివారని అత్త చెప్పినది.

మామ: చెప్పెడివాడను. కుప్పము, పలమనేరు దాటినచో కన్నడదేశమే. వారి ముద్దయు మన సంగటియు తోబుట్టువులు. వరికిని రాగికిని ఎవరు గొప్ప యని వాదము పుట్టగా, లంకనుండి మరలివచ్చుచున్న శ్రీరాముడు రెంటిని ఆరు మాసములు చెరలో పెట్టించెను. గడువు తీరి తెరచి చూడగా వరి చెడిపోయినది, రాగి చెక్కుచెదరక యుండెను. రాముడు రాగిని మెచ్చుకొనెను. మన శ్రీనాథుడు పలనాటి జొన్నకూటిని ఈసడించి చాటువులు చెప్పినాడని ప్రసిద్ధి. అతని కంటె కనకదాసు నాకు ఈ విషయమున పెద్ద కవి.

అల్లుడు: మామా, ఆ కథలో రాగికి ఒక సభ దొరికినది. వరితో సమానముగా నిలువబడి మాట్లాడుటకు చోటు దొరికినది. నేను కోరునది ఆ సభ. చెరలోని ఆరు మాసములు మన రాగికి నలువది యేండ్లు అయినవి. ఇప్పుడైనను సభకు పిలువవద్దందురా? జాతీయ పోషకాహార సంస్థ లెక్కలలో నూరు గ్రాముల రాగులలో 364 మిల్లీగ్రాముల సున్నము గలదు. పాలిష్ పట్టిన బియ్యములో ఎనిమిది మిల్లీగ్రాములైనను లేదు. ఈ లెక్క ఎంత చెప్పినను ఒకడును రాగి తినడు. రుచి చూపించి, గౌరవము చూపించి, నగరమున వారు వెల పెట్టి కొనునట్లు చేసినప్పుడే తిందురు.

మామ: వెల మాట వచ్చినది గనుక ఆ లెక్కయు చూతము. 2024–25లో కేంద్రప్రభుత్వము రాగులకు ప్రకటించిన మద్దతు ధర క్వింటాలుకు 4,290 రూపాయలు. అనగా కిలోకు నలుబదిమూడు రూపాయలకు లోపు. నీ పళ్ళెములోని మూడు ముద్దలకు పట్టు పిండి నూరు గ్రాములు దాటదు. తొమ్మిది వందల రూపాయలలో రాగి పండించినవాని వంతు నాలుగు రూపాయల చిల్లర! ఆ చిల్లర కూడ అతనికి చేరునో దళారికి చేరునో తెలియదు. నాకు వెండిరేకు కంటె ఈ లెక్క ఎక్కువ బాధ కలిగించుచున్నది. సంగటికి సభామర్యాద చేసితివి, సంగటిగింజకు చేసితివా?

అల్లుడు ఇంతసేపు పళ్ళెము వంకనే చూచుచు మాట్లాడుచున్నవాడు, తల ఎత్తినాడు. ఇచ్చట నా తలపు కూడ చెప్పెదను. అల్లుడు సంగటిని హోటలు బల్ల మీదికి తెచ్చుట తప్పని నేననను. దానివలన మరల రాగి విత్తువాడు ఒక్కడు పెరిగినను అది మేలే. కాని తొమ్మిది వందల రూపాయలు ఎవరి పనికి వెలయో పళ్ళెము చూచినవానికి తెలియవలెను. రేకుకు, పింగాణికి, దీపముల కాంతికి పోవు సొమ్మును కొంత గింజకును, గెలికిన చేతికిని మళ్ళించినచో ఆ వెల చూచి నేను నొచ్చుకొనను.

అల్లుడు: రాగులు మాకు సరఫరాదారు తెచ్చును, ఏ ఊరివో మాకు తెలియదు. ఇకమీద పలమనేరు వైపు రైతులనుండి నేరుగా కొనుటకు యజమానులతో మాట్లాడుదును. మద్దతు ధర కంటె ఎక్కువ ఇచ్చినను పళ్ళెము వెలలో అది లెక్కకు రాదని మీరే చూపితిరి. వెండిరేకు తీసివేయుదును. కుంకుమపువ్వు...

మామ: దానిని కూడ తీసివేయుము. నేయిలో రెండు వెల్లుల్లి పాయలు, కొంచెము కరివేపాకు వేసి కాచినచో చాలును. ఊరుబిండిని జల్లెడ పట్టకుము. రోటిలో నూరిన చెనిక్కాయ పలుకు నాలుకకు తగులవలెను. సంగటిని మ్రింగుదుము గనుక నమలుటకు ఊరుబిండి ఉండవలెను. నున్నని ముద్దకు నున్నని లేపము తోడైనచో నోటికి పనియే లేదు.

అల్లుడు: అది నిజము, నేను గ్రహింపలేదు. చెంచా సంగతియో? కొందరు అతిథులు చేతితో తినరు.

మామ: చెంచా పెట్టుము, పక్కనే చేయి కడుగుకొను పాత్రయు పెట్టుము. వడ్డించువాడు చేతితో తినుటయే దీని పద్ధతి యని మర్యాదగా ఒకమారు చెప్పవలెను. అటుపిమ్మట వారి ఇష్టము. మరియొక మాట. ధనుర్మాసపు మంచులో అనపకాయలు వచ్చినప్పుడు పితికిపప్పు పులుసు పెట్టుము. నాటుకోడి కంటె సంగటికి అదే సరియైన జోడు. కాని మాఘము దాటిన తరువాత ఎవరైనను అడిగినచో ఏమి చేసెదవు?

అల్లుడు: శీతలపెట్టెలో నిలువచేసిన గింజలు దొరకును, మామా.

మామ: పితికి గడ్డకట్టించిన అనపగింజకు ఆ కమ్మదనము ఉండునా?

అల్లుడు: ఉండదు. అట్లయినచో లేవని చెప్పి ఉలవచారు పెట్టుదుము. కాని నాకు వేరొక చిక్కు కలదు. యంత్రము మాని చేతితో గెలికింపవలెనన్నచో నా క్రింద పనిచేయు కుర్రవాండ్రలో సగముమంది పరరాష్ట్రములవారు. సంగటికట్టె పట్టుట వారెరుగరు. మీరు ఒకసారి వంటశాలకు వచ్చి చూపింపవలెను.

మామ: నేనేమి చూపుదును? మా ఇంట ఆ కట్టె పట్టిన మగవాడు లేడు. మీ అత్తను పిలువుము. ఆమె వచ్చిననాడు కూలి ఎంత ఇచ్చెదవో ముందుగా చెప్పుము.

అల్లుడు: పై ఊరినుండి నేర్పుటకు పిలిచిన పెద్ద వంటవానికి దినమునకు ఎంత ఇత్తుమో అంతయు ఇత్తును.

మామ: అయినచో ఆమెనే అడుగుము, లోపల చెనిక్కాయలు వేయించుచున్నది.